భిలాయిలో లోహాసుర్ వాటా

భిలాయి వెళ్లొచ్చానంటే హైదరాబాదులో నా స్నేహితులందరూ ఒకటే అడిగారు, "అక్కడ చూడ్డానికేముందిరా?" అని. ఉక్కు కర్మాగారం ఉంది, దాని చుట్టూ గళ్లు గీసినట్టు సెక్టార్లున్నాయి, అంతేననుకుని నేనూ రైలెక్కాను. తొమ్మిది రోజులున్నాను. రోజుకోసారైనా నోరు తెరిచి ఉంటాను. ఆఖరిసారి తెరిచిన నోరు ఇంకా పూర్తిగా మూతపడలేదు.

నేను ఎడిటర్ని. టీవీ సీరియళ్లనీ, పెళ్లి వీడియోలనీ కోసి అతికించడం నా బతుకుతెరువు. ఈ పనిలో నన్ను మించినవాడు లేడని నాకో గట్టి నమ్మకం. ఇంట్లో ఈ మాట ఎవరూ ఒప్పుకోరు, అది వేరే సంగతి. సునీత అని నాకు తెలిసిన అమ్మాయి డాక్యుమెంటరీలు తీస్తుంది. భిలాయిలోనే పుట్టి పెరిగిన తెలుగు పిల్ల. మూడేళ్లుగా మైకల్ కొండల్లో అగరియా ఆదివాసీలతో కలిసి సినిమా తీస్తోంది. తరతరాలుగా అడవిలో రాళ్లేరుకొచ్చి, మట్టికొలిమిలో కరిగించి ఇనుము తీసినవాళ్లు అగరియాలు. "తీయడం అయిపోనాది అన్నా, నువ్వొచ్చి కోసి పెట్టు" అని ఫోన్ చేసింది. వెళ్లాను.

భిలాయి-3

దుర్గ్‌లో పెద్ద రైలు దిగి లోకల్ పట్టుకున్నాను. పవర్ హౌస్ స్టేషన్లో దిగమంది సునీత. కునుకు పట్టింది. మెలకువ వచ్చేసరికి బోర్డు మీద భిలాయి అన్న పేరు కనబడింది. పక్కనున్న మూడంకె చూసుకోకుండా సామానుతో సహా దూకేశాను. రైలు వెళ్లిపోయాక గానీ తెలిసిరాలేదు, దిగాల్సిన చోటు దాటి వచ్చేశానని.

స్టేషన్ బయట టీ బండి దగ్గర నిలబడి, నాకొచ్చిన నాలుగు హిందీ ముక్కలూ కూడబలుక్కుంటున్నాను. బండి వెనకున్న పెద్దావిడ కాసేపు ఓపిగ్గా విని, "ఏటి బాబూ, తెలుగోడివేనా? ఎక్కడికెల్లాల?" అంది. హిందీ మానేసి తెలుగులోకి దిగాను. వాళ్లది టెక్కలి దగ్గర పల్లెట. ప్లాంటు కట్టే రోజుల్లో వాళ్ల మావగారు కూలికొచ్చి ఉండిపోయాడట.

"మరి మీ పిల్లలు తెలుగు మాట్లాడతారా?"

"ఇంటారు గానీ మాటాడరు బాబూ. మనం తెలుగులో తిడితే ఆళ్లు హిందీలో జవాబిస్తారు" అంది నవ్వుతూ.

టీ రెండు రూపాయలు. మాకు ఆ డబ్బుకి సగం గ్లాసే ఇస్తారు, ఇక్కడ నిండుగా పోసి పైన అల్లం నలిపి వేసింది. సునీతవాళ్లుండే రుఆబాంధాకి ఆటో కూడా ఆవిడే మాట్లాడిపెట్టింది. కొత్త రాష్ట్రం వచ్చి మూడేళ్లు నిండలేదేమో, ఆటో మీద ఇంకా మధ్యప్రదేశ్ నంబరే ఉంది. ఆ మాటే డ్రైవర్నడిగితే, "రాష్ట్రం మారింది గానీ బండి అదే కదా భయ్యా" అన్నాడు.

రుఆబాంధా

సునీత తండ్రి ప్రకాశరావుగారు బొబ్బిలి వైపు నుంచి వచ్చి ముప్పై మూడేళ్లు బ్లాస్ట్ ఫర్నేస్‌లో పనిచేశారు. రిటైరయ్యాక లీజుకి తీసుకున్న క్వార్టర్లోనే భార్యతో, కూతురితో ఉంటున్నారు. ముందు నాలుగు బంతి మొక్కలు, వెనక మునగచెట్టు, హాల్లో గోడకి సిలువ.

వంకాయ రొయ్యపప్పు కూర, పక్కన ఇక్కడి ఎర్ర తోటకూర వేపుడు పెట్టారు. రెండు రోజుల రైలు తిండి తర్వాత ఆ వాసనకి ఆగలేక ముద్ద కలిపేసి నోట్లో పెట్టుకున్నాను. తలెత్తి చూస్తే ముగ్గురూ కళ్లు మూసుకుని ప్రార్థన చేస్తున్నారు. మింగలేను, కక్కలేను. తేలు కుట్టిన దొంగలా కూర్చున్నాను. "పరవాలేదు బాబూ, తిను, తిను" అన్నారు ప్రకాశరావుగారు కళ్లు తెరిచి.

అసలు దెబ్బ భోజనాల మధ్యలో తగిలింది. సినిమా ఎప్పటికి పూర్తిచేయాలని అడిగాను.

"నువ్వు చేసినాక సుఖ్‌లాల్ బాబాని తీసుకొచ్చి చూపిస్తాను. కొలిమి ఆయనదే. ఆయన హవ్ అంటేనే పూర్తయినట్టు" అంది సునీత. హవ్ అంటే వాళ్ల ఛత్తీస్‌గఢీలో అవునని.

"వద్దంటే?"

"టేపులన్నీ ఆయనకిచ్చేస్తాను. మొదటి రోజే మాటిచ్చినాను."

"అన్నీనా? మూడేళ్ల టేపులా?"

"అన్నీ అన్నా. అందులో ఉన్నవోళ్లు ఆళ్లు కదా."

చేతిలో ముద్ద చేతిలోనే ఉండిపోయింది. మా సీరియళ్లలో నటించినవాళ్లు ఎడిటింగ్ గది గుమ్మం కూడా తొక్కరు. ఈ పిల్లకి మతిగానీ పోయిందా అనుకున్నాను. ప్రకాశరావుగారు నాకు వత్తాసు పలుకుతారేమోనని చూశాను. ఆయన మజ్జిగ పోసుకుంటూ, "మా ఫర్నేస్‌లో ఒక్క పొద్దుకొచ్చిన ఇనుము ఆళ్ల తాతలందరూ కలిసి తీసుండరు. ఎందుకే ఈ తిరుగుడు అంటే ఇనదు" అన్నారు. ఆయన బాధ వేరు.

కోహ్కా, పిండిమర మీద గది

సునీత ఎడిటింగ్ గది కోహ్కాలో ఒక పిండిమర పైన ఉంది. మర ఆడితే నేలా, కంప్యూటరూ, నా పళ్లూ కలిసి అదురుతాయి. రోజూ పొద్దున్న గోధుమపిండి తుడుచుకుని పని మొదలుపెట్టాలి. మర తెరిచేలోగా కిందికి దిగి అటుకుల పోహా, దాని పక్కన వేడి జిలేబీ తినేవాణ్ణి. ఉప్పూ తీపీ ఒకే ఆకులో ఏమిటని మొదటి రోజు మొహం చిట్లించాను. రెండో రోజు నుంచి రెండు ఆకులు. ఆకు అయిదు రూపాయలు.

ఆ తర్వాత మూడు రోజులూ సునీత లేదు, సుఖ్‌లాల్‌నీ ఆయన కూతుర్నీ తీసుకురావడానికి కొండల్లోకి వెళ్లింది. నేనూ టేపులూ మిగిలాం. కెమెరా పట్టింది ఆ కూతురు ఫూల్‌బాయేనని టేపుల మీద రాసుంది. బడి మొహం చూడని మనిషని సునీత ముందే చెప్పింది. సరే, ఎలా ఉంటుందో తెలిసిందేలే అనుకుంటూ మొదటి టేపు పెట్టాను.

కుర్చీలో కూలబడ్డాను. మంచులో ఫూల్‌బాయి తల్లి నడిచి వస్తోంది, నెత్తిన బొగ్గుల గంప. దాన్ని కొలిమి దగ్గర దించి, మెడ అటూ ఇటూ తిప్పి, కెమెరా వైపు చూసి నవ్వింది. తర్వాత సుఖ్‌లాల్ కొలిమి నోటి దగ్గర నల్లకోడిని బలిచ్చాడు, ఆకుదొప్పతో ఇప్పసారా పోశాడు. అది వాళ్ల ఇనుపదేవుడు లోహాసుర్ వాటా. మనకి అసురుడంటే ఎవడో దేవుడొచ్చి చంపాల్సినవాడు. వాళ్లకి దణ్ణం పెట్టాల్సినవాడు. ఆ తర్వాత నిప్పు. మొగుడూ పెళ్లామూ చెరో జత తోలుతిత్తుల మీద నిలబడి కాళ్లతో తొక్కుతూనే ఉన్నారు, మధ్యాహ్నం దాకా. చివరికి కొలిమి పగలగొట్టి ఎర్రటి ఇనుపముద్ద బయటికి లాగారు. తల్లి ఖాళీ గంప చంకన పెట్టుకుని చెట్లలోకి నడిచి వెళ్లిపోయింది. కెమెరా మీద అలా పనిచేసే చెయ్యి నేను మా స్టూడియోల్లో చూడలేదు.

బొగ్గు కాల్చడానికి అటవీశాఖవాళ్లు నిరుటి చలికాలంలో ఒక్క రోజుకే అనుమతి ఇచ్చారట. అంటే ఆ కొలిమి మళ్లీ వెలగదు. ఉన్నదల్లా ఈ టేపులే.

నేను రెచ్చిపోయాను. నిప్పుతో మొదలెట్టాను. ఆ వెంటనే గంపతో వచ్చే తల్లి. తిత్తులు, చెమట, ఇనుము. బలీ సారా మాత్రం వెనక్కి లాగి ఇనుము వచ్చాక పెట్టాను, దేవుడికి కృతజ్ఞత చెబుతున్నట్టు. మా సీరియళ్లలో పూజలూ హారతులూ చివర్లోనే కదా, చెయ్యి అలా పడిపోయింది. ఆఖర్న చెట్లలోకి వెళ్లిపోతున్న తల్లి. ఆమె వీపు మీద పేర్లు. అందులో నా పేరు కాస్త పెద్దగా.

చూసుకుంటే నాకే ఒళ్లు పులకరించింది. ఆ రోజు జిలేబీ మూడు ఆకులు తిన్నాను.

ప్లాంటు లోపల

నాలుగో రోజు సుఖ్‌లాల్, ఫూల్‌బాయి వచ్చారు. ఆయన బక్కపలచగా, మోకాళ్లు కాలి నల్లబడిన మచ్చలతో ఉన్నాడు. ఫూల్‌బాయికి ముప్పై దాటి ఉంటాయి. ఎవరు మాట్లాడినా కళ్లల్లోకి చూసి వింటుంది.

మర్నాడు పొద్దున్న ప్రకాశరావుగారు చద్దన్నంలో ఉల్లిపాయ కొరుక్కుంటుంటే సుఖ్‌లాల్ కంచంలోకి తొంగిచూసి "బాసీ!" అన్నాడు. వాళ్లూ అదే తింటారు, అదే ఉల్లిపాయతో. ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని మారు వడ్డించుకుని తిన్నారు. ఆ చద్దన్నం మహిమో ఏమో, పాసులు సంపాదించి ప్లాంటు చూపిస్తానని ప్రకాశరావుగారు తనంతట తానే అన్నారు.

ఫర్నేస్ దగ్గర ఇనుము వదిలేటప్పుడు నేను రెండడుగులు వెనక్కి వేశాను. కాలవలో నీళ్లు పారినట్టు నిప్పు పారుతోంది. మొహం మాడిపోతోంది, చెవులు పనిచేయడం లేదు. సుఖ్‌లాల్ కదల్లేదు. బయటికొచ్చాక ఏదో అడిగాడు. సునీత తెలుగులో చెప్పింది.

"వెలిగించే ముందు దీనికి ఎవరు పెడతారు, ఏటి పెడతారు అంటన్నాడు నాన్నా."

ప్రకాశరావుగారు కూతురి వైపు తిరిగారు. "విశ్వకర్మ పూజ చేస్తారని చెప్పు. నేనైతే షిఫ్టుకెల్లే ముందు, గేటుకాడ సైకిలాపి ప్రార్థన చేసుకునేవోణ్ణి. ఒక్క రోజూ మానలేదు. ఈ మాట మీ అమ్మకీ తెలీదు."

సునీత అది చెప్పగానే సుఖ్‌లాల్ ఆయన చెయ్యి పట్టుకుని ప్లాంటు గేటు దాటేదాకా వదల్లేదు.

గోడ మీద దుప్పటి

ఆ సాయంత్రం రుఆబాంధా ఇంట్లో గోడకి తెల్లదుప్పటి కట్టి సినిమా వేశాం. సునీత కూడా చూడ్డం అదే మొదటిసారి. ముందుగా తనకైనా చూపించాల్సింది, మెచ్చుకోళ్లన్నీ ఒకేసారి వినాలని ఆగాను.

బాగానే నడిచింది. మంచులోంచి భార్య రాగానే సుఖ్‌లాల్ చాప మీద ముందుకు జరిగాడు. ఇనుము బయటపడింది. తర్వాత నల్లకోడి, దొప్పలో సారా.

"ఉల్టా హే!"

ఆయన లేచి నిలబడ్డాడు. దుప్పటి మీద సారా పోస్తున్న తనని వేలితో చూపిస్తూ అరుస్తున్నాడు. "ఏ ఉల్టా హే! కోన్ కరిస్?" తలకిందులైంది, ఎవడు చేశాడు అని. సునీత చప్పున సినిమా ఆపేసింది.  అందరూ నా వైపే చూస్తున్నారు.

"అన్నా, బలి వెనక్కి ఎట్టేసినావా?"

"అలా అయితే బాగుంటుందని..." అని నసిగాను.

ప్రకాశరావుగారు నెమ్మదిగా అన్నారు. "ఎంగిలి కంచం ముందెట్టుకుని ప్రార్థన చేసినట్టుంది బాబూ."

అప్పుడు తెలిసింది నేనేం చేశానో. సుఖ్‌లాల్ ఒక్కొక్క మాటే అంటున్నాడు, సునీత ఏడుపు ఆపుకుంటూ చెబుతోంది. మా నాన్నా, తాతా ఎవ్వరూ లోహాసుర్‌కి పెట్టకుండా నిప్పు ముట్టించలేదు. నేనూ ముట్టించలేదు. ఇందులో ముట్టించాను. నేను పోయాక నా మనవలు ఇది చూసి, తాత దొంగలాగా ముందు ఇనుము తీసుకున్నాడనుకుంటారు.

"రేపే సరిచేసేస్తానని చెప్పు. నిమిషం పని" అన్నాను.

ఆ మాట నేనెందుకన్నానో! ఆయన నా వైపు తిరిగాడు. నిమిషంలో మార్చగలవా? మళ్లీ నిమిషంలో ఇంకొకటి మార్చగలవా? జరిగింది జరిగినట్టు ఉంటుందని కదా కెమెరా ముందు కూర్చున్నాను. ఒకసారి మార్చినవాడివి రేపు మార్చవని నమ్మకం ఏమిటి? టేపులు ఇచ్చెయ్యండి.

 సునీత లోపలికి వెళ్లి టేపుల పెట్టె తెచ్చి ఆయన ముందు పెట్టింది. మూడేళ్ల పని. బతిమాలుతుందేమో, వాదిస్తుందేమో అని నేను ఎదురుచూస్తున్నాను. పెట్టె పెట్టేసి చేతులు కట్టుకుని నిలబడింది, అంతే.  అంత పనీ నా తెలివితేటలకి బలైపోయిందని ఆ క్షణాన నమ్మాను. సిగ్గూ శరమూ విడిచి ఆయన ముందు కూర్చుని "గల్తీ మేరా, బాబా, గల్తీ మేరా" అన్నాను, తప్పు నాదని. జీవితంలో నా కటింగ్‌కి నేను క్షమాపణ చెప్పుకోవడం అదే మొదలు.

చివరికి ఆయన తేల్చి చెప్పాడు. నా కళ్లముందు చెయ్యి. అంతా చూశాక హవ్ అంటానో లేదో చెబుతాను. పెట్టె నా దగ్గరే ఉంటుంది.

కుర్చీ కింద పెట్టె

మూడు రోజులు పిండిమర మీద గదిలో నా కుర్చీ పక్కనే ఇంకో కుర్చీ. దాని కింద పెట్టె. సుఖ్‌లాల్ ఆ కుర్చీ మీద కాళ్లు ముడుచుకుని కూర్చుని ప్రతి ముక్కా చూశాడు. కోస్తే ఎందుకు కోశావని అడిగేవాడు. ఫూల్‌బాయి వెనక నిలబడేది. మర అదురుకి ఒకసారి కంప్యూటర్ ఆగిపోతే, లోహాసుర్‌కి కోపం వచ్చిందా అన్నాను నవ్వించబోయి. ఎవరూ నవ్వలేదు. ఫూల్‌బాయి కిందికి దిగివెళ్లి మర ఆసామితో ఏం చెప్పిందో, మధ్యాహ్నాలు మర ఆపేశాడు.

సీరియల్లో ఇలా పక్కన కూర్చుంటే తన్నేవాణ్ణి. ఇక్కడ రెండో రోజుకి నేనే ఆగి ఆయన మొహం చూడ్డం మొదలెట్టాను. భార్య రావడం, బలి, ఆ తర్వాతే నిప్పు, తిత్తులు, ఇనుము. జరిగింది జరిగినట్టు పేర్చుకుంటూ పోయాం. ఆయన భుజాలు కొద్దికొద్దిగా వదులయ్యాయి.

మూడో రోజు చివరి ముక్క దగ్గరికొచ్చాం. ఆ సాయంత్రం మధ్యలోనే ఆపేశాం కనక ఇది ఆయన చూడలేదు. ఖాళీ గంప చంకన పెట్టుకుని భార్య చెట్లలోకి వెళ్లిపోతోంది. ఆమె వీపు మీద నా పేరు.

ఆయన ఆపమని చెయ్యెత్తాడు. నేను మళ్లీ ఏదో తప్పు చేశాననుకుని సునీత వైపు చూశాను. ఈసారి మాట్లాడింది ఫూల్‌బాయి. నాకు అర్థమయ్యేలా హిందీలో మెల్లగా చెప్పింది. "దాయి వానాకాలంలో పోయింది భయ్యా. జ్వరం. మూడే రోజులు."

దాయి అంటే అమ్మ. ఇన్ని రోజులుగా ఆమె నవ్వుని వందసార్లు ముందుకీ వెనక్కీ తిప్పాను, ఎక్కడుంది, రాలేదేం అని ఒక్కసారీ అడగలేదు. పైగా ఆమె వీపు మీద నా పేరు రాసుకున్నాను.  గబగబా పేర్లన్నీ తీసేశాను.

సుఖ్‌లాల్ తెర మీంచి చూపు తిప్పకుండా అడిగాడు. "ఆమె వచ్చే ముక్క ఎక్కడుంది?"

"మొదట్లో" అన్నాను. సునీత అటూ ఇటూ చెబుతోంది.

"అది తీసి చివర పెట్టు. ఈ వెళ్లేది ముందుకి తెచ్చెయ్యి."

నాకు దిమ్మ తిరిగిపోయింది. మూడు రోజుల కింద ముందువెనకలైందని మండిపడిన మనిషి! అప్పటికి నాకూ కాస్త బుద్ధి వచ్చింది కదా, చెప్పాను. "బాబా, అక్కడికి ఇనుము వచ్చేసింది. కొలిమి పగిలిపోయింది. ఇంక బొగ్గు తెస్తే ఎందుకు? ఉల్టా అవుతుంది."

"తెలుసు" అన్నాడు. "బలి లోహాసుర్ వాటా, దాన్ని కదపొద్దు. ఇది నా ఇంటిది. తప్పే. ఈ తప్పు నాది. లోహాసుర్ అడిగితే నేను చెప్పుకుంటాను. నువ్వు పెట్టు."

సునీత ఫూల్‌బాయి వైపు చూసింది. కెమెరా ఆమెది, ఆమె కూడా ఒప్పుకోవాలి. ఫూల్‌బాయి కొంగుతో మొహం తుడుచుకుని "హవ్" అంది.

పెట్టాను. ఇనుము బయటికొచ్చింది, కొలిమి చల్లారింది. మంచులోంచి ఆమె నడిచి వచ్చింది, నెత్తిన నిండు గంప. దించింది. మెడ తిప్పింది. నవ్వింది. సుఖ్‌లాల్ మళ్లీ వెయ్యమన్నాడు. మళ్లీ వేశాను. నాలుగుసార్లయ్యాక ఆయన వంగి, కుర్చీ కింది పెట్టె లాగి, సునీత చేతుల్లో పెట్టి "హవ్" అన్నాడు.

ఇంటికొచ్చాక

బయల్దేరే రోజు ప్రకాశరావుగారు నాతో పవర్ హౌస్ స్టేషన్ దాకా వచ్చి, ఈసారి నిద్రపోకని రెండుసార్లు చెప్పి రైలెక్కించారు.

నెల తిరక్కుండా సినిమా హైదరాబాదులో ఒక చిన్న హాల్లో వేశారు. మా స్టూడియోవాళ్లు కూడా వచ్చారు. అయిపోయాక నాకంటే పదేళ్లు చిన్నవాడు, నా దగ్గరే పని నేర్చుకున్నవాడు, నలుగురిలో భుజం తట్టి అన్నాడు. "గురూగారూ, చివర్లో దొరికిపోయారు. ఇనుము వచ్చేశాక ఆవిడ బొగ్గు తెస్తోంది. ముక్క తారుమారైంది, చూసుకోలేదా?"

పక్కనున్నవాళ్లు నవ్వారు. ఇంకొకప్పుడైతే అక్కడికక్కడ పది కారణాలు చెప్పి వాడి నోరు మూయించేవాణ్ణి.

"చూసుకోలేదురా" అన్నాను. "తప్పు నాదే."